మురికా, పనా?

ఫిల్మ్‌నగర్‌లో అందరిదీ పాతదాన్ని కొత్తగా చూపించే పనే. అరవై ఏళ్ళ ముఖాన్ని ముప్పైకి దించేవాళ్ళున్నారు. పదిసార్లు చూసిన కథను పదకొండోసారి సరికొత్తదని నమ్మించే నాబోటివాళ్ళున్నారు. వీళ్ళందరి మధ్యా కొత్తదాన్ని పాతచేసి బతికిన మనిషిని ఒక్కణ్ణే చూశాను. పేరు వెంకటనర్సయ్య. షేక్‌పేట పాత ఊళ్ళో పుట్టాడు. ముప్పై ఒక్క ఏళ్ళపాటు సినిమా కాస్ట్యూమ్స్ వాళ్ళ దగ్గర బట్టలు మాపాడు.

పిల్లలు బట్టలు మాపుకొస్తే తల్లులు వీపు విమానం మోత మోగిస్తారు. నర్సయ్యకు అదే కొలువు. దర్జీ దగ్గర్నుంచి వచ్చిన సైనికుడి చొక్కా పెళ్ళికొడుకు చొక్కాలా తళతళలాడుతుంది. అది నర్సయ్య చేతికి వెళ్ళి, టీ డికాషన్‌లో మునిగి, గరుకు కాగితంతో ఒరుసుకుని, ఇటుక పొడిలో దొర్లి వచ్చిందంటే, తొడుక్కున్నవాడు మూడు యుద్ధాలు చూసినవాడైపోయేవాడు. నేను డైలాగులు రాసే మనిషిని. సినిమాల్లో పదకొండు యుద్ధాలకు మాటలు రాశాను, ఇంట్లో మాత్రం ఒక్క వాదనా గెలవలేదు. నా సైనికుడు రెండు పేజీలు అరిచినా చెప్పలేని సంగతిని నర్సయ్య వేసిన చెమట మరక చెప్పేసేది. అందుకే ఆయనంటే నాకు గౌరవం. కొంచెం కుళ్ళు కూడా.

పెళ్ళైన కొత్తలో ఆయన భార్య కౌసల్యమ్మకు ఈ ఉద్యోగం సంగతి ఎవరూ సరిగ్గా చెప్పలేదు. ఒకనాడు ఇంటికి తెచ్చిన మూటలో పన్నెండు జతలు చూసి, అయ్యో, ఇంత మురికి మనుషులతో పనిచేస్తున్నాడా అని జాలిపడింది. అన్నిటినీ సబ్బు పెట్టి, బండకేసి ఉతికి, నీలిమందులో ముంచి, ఇస్త్రీ చేయించి మడతపెట్టింది. మర్నాడు స్టూడియోలో కరువు సీను. బక్కచిక్కిన పన్నెండుమంది రైతులు మల్లెపూవుల్లాంటి పంచెల్లో వచ్చి నిలబడ్డారు. ఆ పూట షూటింగ్ ఆగిపోయింది. అప్పట్నుంచి ఆవిడ ఇంట్లో ఏ గుడ్డ ముట్టుకున్నా ముందు కేకేసి అడుగుతుంది: "ఇది మురికా, పనా?"

ఈ విద్యకు ఒక శాపం ఉంది. నర్సయ్యే చెప్పాడు: "మంచిగ చేస్తే ఎవ్వలకు కండ్లవడది రైటర్ సాబ్. కండ్లవడ్డదంటే ఖరాబు చేసినట్టే." అందుకే తెరమీద టీ ఇచ్చినవాళ్ళ పేర్లు వేశారు, కుక్కకు తర్ఫీదిచ్చినవాళ్ళ పేర్లు వేశారు, మురికికి మాత్రం ఎన్నడూ పేరు పడలేదు. నర్సయ్యకు జీవితంలో మిగిలిన కోరిక అదొక్కటే. ఒక్కసారి తన పేరు తెరమీద పడాలి, పక్కన కూర్చుని కౌసల్యమ్మ దాన్ని చదవాలి. ఆవిడ అక్షరం అక్షరం కూడబలుక్కుని చదివే మనిషి, కాబట్టి పేరు కాసేపు నిలబడాలి కూడా.

ఆ కోరిక తీరకుండానే సినిమా పని తగ్గిపోయింది. హీరోలకు మాసిన బట్టలు గిట్టవు. ఒక పెద్ద హీరో రిక్షా కార్మికుడి వేషం వేస్తే నర్సయ్య మూడు రోజులు కూర్చుని చొక్కా సిద్ధం చేశాడు. హీరోగారి మనిషి వచ్చి దాన్ని రెండు వేళ్ళతో పట్టుకుని పక్కన పడేసి, హ్యాంగరుకు తగిలించిన కొత్త చొక్కా ఒకటి తెచ్చాడు. పేదరికం ఉండొచ్చట, ఇస్త్రీ నలగకూడదట.

అటువంటి రోజుల్లో జూబ్లీహిల్స్‌లో ఒక కంపెనీ కంప్యూటర్ యుద్ధం ఆట తయారుచేయడం మొదలుపెట్టింది. దాని పేరు 'వెయ్యి కత్తులు'. ఆడేవాడు రెండు సైన్యాల్ని కూర్చి, మైదానంలో ఎదురెదురుగా నిలిపి, యుద్ధం చేయించి చూస్తాడు. అంతకుముందు 'అలంకార మందిరం' అనే చోటికి వెళ్ళి తలపాగాలకు, జెండాలకు, కవచాలకు, గుర్రాల మీది గుడ్డలకు తనకు నచ్చిన రంగులు వేసుకోవచ్చు. యుద్ధం అయిదు నిమిషాల్లో ముగుస్తుంది, అలంకరణకు గంట పడుతుంది. మన పెళ్ళిళ్ళ పద్ధతే. సైనికుల కేకలు రాయడానికి నన్ను పిలిచారు. సైనికులు ప్లాస్టిక్ బొమ్మల్లా ఉన్నారని వాళ్ళే బాధపడుతుంటే, నర్సయ్య పేరు నేనే చెప్పాను.

కంపెనీ ఎండీ రవిచంద్ర గారిది గుంటూరు వైపు. మర్యాదస్తుడు, సిద్ధాంతి గారిని అడగనిదే కంప్యూటర్ కూడా ఆన్ చేయడు. శత్రుసైన్యానికి మొదటి రంగు ఏది పెట్టాలన్న మీటింగులో నేనూ ఉన్నాను. కాషాయం అంటే ఒకరు ఉలిక్కిపడ్డారు. ఆకుపచ్చ అంటే ఇంకొకరు తలుపు వేసి వచ్చారు. గులాబీ, పసుపు, నీలం, దేనికీ ఓ పార్టీయో, ఓ దేవుడో, ఓ హీరోగారి అభిమాన సంఘమో లేకుండా పోలేదు. మన వీరులకు తలపాగా ఎరుపేనని సిద్ధాంతి గారు ముందే తేల్చేశారు కాబట్టి దాని జోలికి పోలేదు. మూడు గంటలు చర్చించి, చివరికి శత్రువులకు కాఫీపొడి రంగు ఖాయం చేశారు. కాఫీపొడికి ఇంకా పార్టీ లేదు.

మొదటిరోజు బొమ్మలు గీసే మనోజ్ఞ అనే అమ్మాయి తెరమీద ఇరవై మంది సైనికుల్ని నిలబెట్టి, "ఎలా ఉన్నారండీ?" అని అడిగింది.

నర్సయ్య కళ్ళజోడు సవరించుకుని చూశాడు. "మస్తున్నరు బిడ్డా. ఎవల పెండ్లికి పోతున్నరు?"

ఆ అమ్మాయి నవ్వేసింది. నర్సయ్య నవ్వలేదు, తెరకు దగ్గరగా జరిగి వేలు పెట్టాడు. "ఈడేం పని చేస్తడు?"

"విలుకాడండీ. బాణాలు వేస్తాడు."

"మరి ఎడమ చేతి గుడ్డ అరగలేదేంది? తాడు గుంజి ఇడిస్తే గాడ్నే తగుల్తది గద. గీడు బల్లెం మోసెటోడా? ఐతే భుజం మీద అరుగుడు రావాలె. గుర్రపోనికి తొడల లోపట. వంటోడైతే నడుం కాడ చేతులు తుడుసుకుంటడు. బొక్క ఏడ వడ్డదో చూస్తే, మనిషి ఏం పని చేస్తడో చెప్పచ్చు."

మనోజ్ఞ నోట్‌బుక్ తీసింది. ఆ తర్వాత మూడు నెలలు నర్సయ్య గోనెసంచిలో గుడ్డముక్కలు తెచ్చాడు. కరక్కాయ నీళ్ళలో తుప్పు కలిపి నల్లబరచినవి, రాయి మీద రుద్దినవి, ఎండకు వారాలపాటు వదిలేసినవి. ఆ అమ్మాయి వాటిని ఫొటోలు తీసి, కంప్యూటర్‌లోకి ఎక్కించి, అలంకార మందిరంలో ఒక గీత పెట్టింది. గీత మీది మీటను సున్నా నుంచి వందకు జరుపుతుంటే సైనికుడు దర్జీ కొట్టు నుంచి యుద్ధాల్లోకి నడుచుకుంటూ పోయినట్టుండేది. దానికి 'మురికి' అని రాస్తే రవిచంద్ర గారు ఒప్పుకోలేదు. ఇంకో మీటింగు పెట్టి 'హెరిటేజ్ ఫినిష్' అన్నారు. ఆ గీత కింద చిన్న అక్షరాలతో 'రూపకల్పన: వెంకటనర్సయ్య' అని మనోజ్ఞ రాసింది. గీత ఉన్నంతకాలం పేరు ఉంటుందని ఎండీ గారు మాటిచ్చారు. నర్సయ్య ఆ మాట పట్టుకుని ఇంటికెళ్ళి, ఆట విడుదల సభకు వస్తున్నావని భార్యకు నెల ముందే చెప్పేశాడు.

తర్వాత రెండువందల మందికి ఆట ఇచ్చి ఆడించి చూశారు. నూటతొంభైనాలుగు మంది మొదటి నిమిషంలోనే మీటను సున్నాకు లాగేశారు. మిగిలిన ఆరుగురికి ఆ గీత కనబడలేదు.

రవిచంద్ర గారు నర్సయ్యను గదికి పిలిచి టీ తెప్పించారు. నన్నూ కూర్చోమన్నారు. "డేటా అబద్ధం చెప్పదు నర్సయ్యా. కానీ మీ పేరు పోకూడదని నేనే ఒక ఐడియా ఆలోచించాను. గెలిచిన ఆర్మీకి ఆటోమేటిగ్గా మెరుపు. ఓడిన ఆర్మీకి మీ హెరిటేజ్. ఎలా ఉంది?"

"ఓడినోళ్ళకేనా సారూ?"

"గెలిచాక మురిగ్గా ఉండాలని ఎవరికుంటుందండీ?"

నర్సయ్య టీ కప్పు కింద పెట్టి లేచాడు. బయటికొచ్చాక నేను బుద్ధిచెప్పాను. "ఒప్పుకో నర్సయ్యా. పేరు నిలుస్తుంది కదా. నా పేరు కింద నేను రాయని మాటలు ఎన్ని లేవు!" అన్నాను. గొప్పగా చెప్పాననే అనుకున్నాను. ఆయన "చూద్దాం రైటర్ సాబ్" అని మెట్లు దిగాడు.

విడుదల సభ ఫిల్మ్‌నగర్‌లోని ఒక హాల్లో, ఉదయం పదకొండు దాటి నాలుగు నిమిషాలకు. సిద్ధాంతి గారి లెక్క. కౌసల్యమ్మ చిలకపచ్చ పట్టుచీర కట్టుకుని మూడో వరసలో నా పక్కన కూర్చుంది. "పేరు ఎప్పుడొస్తది సారూ?" అని రెండుసార్లు అడిగింది. వేదిక మీద పెద్ద తెర. ఎర్ర తలపాగాలు, కాఫీపొడి తలపాగాలు కొట్టుకున్నాయి. నేను రాసిన కేకలు వినబడ్డాయి, నాకే సిగ్గేసింది. ఎర్రవాళ్ళు గెలిచి బంగారంలా మెరుస్తూ నిలబడ్డారు. రవిచంద్ర గారు మైకు తీసుకుని, ఓడినవాళ్ళ మీద మీట జరిపి చూపించమని, ఆ తర్వాత పేరు తెరమీద పెద్దగా వేస్తామని నర్సయ్యను పైకి పిలిచారు.

కంప్యూటర్ ముందు మనోజ్ఞ ఉంది. నర్సయ్య ఆమె పక్కన నిలబడి మెల్లగా అన్నాడు, మైకు దగ్గరగా ఉండడంతో మాకూ వినబడింది. "బిడ్డా, గెలిచినోన్ని పట్టు. ఒక్కన్ని."

ఆ అమ్మాయి ఎండీ వైపు ఒకసారి చూసి, గెలిచినవాళ్ళలో ఒక బల్లెం సైనికుణ్ణి దగ్గరికి లాగింది. నర్సయ్య మీట జరపడం మొదలుపెట్టాడు. మోకాళ్ళదాకా దుమ్ము. చంకల్లో ఎండిన ఉప్పు చార. బల్లెం మోసిన భుజం మీద గుడ్డ పలచబడింది. తలపాగా ఎండకు వెలిసి, మడతల లోపల మాత్రం అసలు ఎరుపు మిగిలింది. ముఖాన్ని ఎవరూ ముట్టుకోలేదు, అయినా వాడు అలిసిపోయినట్టు కనబడ్డాడు. హాల్లో ఎవరిదో ఫోన్ మోగితే గబుక్కున కట్టేశారు.

"అదేంటి నర్సయ్యా, వీళ్ళు గెలిచినవాళ్ళు!" అన్నారు రవిచంద్ర గారు.

"ఔ సారూ. ఓడినోడు గాడ్నే పడిపోయిండు. గెలిచినోడే గద, గంత దూరం ఇంటికి నడుసుకుంట పోవాలె. దుమ్మంత ఆని మీదనే ఉంటది."

రవిచంద్ర గారు తేరుకుని, "కామెడీ టైమింగ్ చూశారా!" అని పెద్దగా నవ్వి, ఫొటోలవాళ్ళు ఎదురుచూస్తున్నారని తనే చెయ్యిచాచి రీసెట్ నొక్కారు. సైనికుడు మళ్ళీ కడిగిన గిన్నెలా మెరిశాడు. అందరూ చప్పట్లు కొట్టారు. నేనూ కొట్టాను. ఇప్పుడు తలుచుకుంటే నా చేతులు నేనే విరగ్గొట్టుకోవాలనిపిస్తుంది, అప్పుడు మాత్రం పక్కవాళ్ళకన్నా గట్టిగానే కొట్టాను.

భోజనాలు వెనకాల షామియానా కింద. మనోజ్ఞ ఎర్రబడ్డ కళ్ళతో వచ్చి, "గీత తీసేయమన్నారండీ. పేరు కూడా" అంది.

"తీసెయ్యి బిడ్డా, నీదేం తప్పున్నది" అన్నాడు నర్సయ్య. నోరు అన్నంత తేలిగ్గా ముఖం అనలేకపోయింది. ముప్పై ఒక్క ఏళ్ళ కోరిక, అదీ పెళ్ళానికి పట్టుచీర కట్టించి తీసుకొచ్చిన రోజున పోయింది. ఆయనకు ఏడుపొచ్చింది. పప్పులో లేని మిరపకాయను తిడుతూ కళ్ళు తుడుచుకున్నాడు.

కౌసల్యమ్మ ప్లేటు పట్టుకుని నిలబడే ఉంది, ఇంకా ఒక్క ముద్దా తినలేదు. "ఏమయ్యా" అంది. పేరు సంగతి అడుగుతుందనుకుని నేను తల తిప్పుకున్నాను.

"గా నెత్తికి ఎర్ర రుమాలు సుట్టినాయన, గంత అలిసిపోయి ఉండె, పాపం. నడుమల గా సారు మాయం చేసిండు" అంది. "ఆయన ఇల్లు చేరిండా?"

నర్సయ్య కలుపుతున్న చెయ్యి ఆపి ఆవిడ ముఖంలోకి చూశాడు.

"చేరిండు" అన్నాడు.