సర్కారు వదిలేసిన మూడు ముక్కలు

లక్సెంబర్గు ఊరు దాటాక వాన అందుకుంది. రోడ్డు పక్కన బానెట్ ఎత్తిన పాత కారు, దాని ముందు ఒక పెట్టెకి తన కోటు కప్పి, తను మాత్రం తడిసి ముద్దవుతున్న ఆడమనిషి. లీలండ్ థీరీ పికప్ ట్రక్కు ఆపాడు. కాగితం మిల్లులో రిటైరయ్యాక దారినపోయేవాళ్లని ఎక్కించుకోవడమే ఆయన వ్యాపకం.

"ఎందాకా అమ్మాయ్?"

"గ్రీన్ బే దాకా, పెద్దాయనా. దీన్ని అమ్మేయాలి," అంటూ పెట్టెతో సహా ట్రక్కెక్కింది.

పెట్టెలో ఉన్నది కాన్సర్టీనా, తిత్తి సాగదీస్తూ వాయించే వాద్యం. ఎల్వీరా వండ్రాచెక్‌కి దాన్ని తండ్రి ఆవుల కొట్టంలో నేర్పాడు, పాలు పితికే లయకి. పగలు ఫ్యాక్టరీలో చీజు దిమ్మలకి కాగితం చుట్టేది; పెళ్లిళ్లలో ఆమె పోల్కా పాట అందుకుంటే ముసలివాళ్లు చేతికర్రలు గోడకి ఆనించి మరీ చిందులేసేవారు. మొగుడు చనిపోయిన ఏడాది కూడా ముక్కు చీదుకుంటూ వాయించింది. అలాంటిది, ఈ వారం నుంచి ఫ్యాక్టరీ పని గంటలు సగానికి కోసేసింది. గ్యాసు బిల్లు వాయిదా కట్టకపోతే ఇంట్లో పొయ్యి వెలగదు.

"గంటలు తగ్గిస్తే సర్కారు కొంత భృతి ఇస్తుందిగా?"

"లెక్కేశాను. సున్నా."

"ఎలా వేశావో చూపించు."

మనుషులు గవ్వలతో లెక్కపెట్టారు, చింతగింజలతో లెక్కపెట్టారు. ఎల్వీరా దగ్గరున్నవి కొరికితే కీచుమనే పచ్చి చీజు ముక్కలు. సంచి విప్పి స్టీరింగు ముందున్న చోట పేర్చింది.

"ముక్కకి పది డాలర్లు. అసలు పనే లేకపోతే వారానికి నాకొచ్చే భృతి ఇదిగో, ముప్పై మూడు ముక్కలు. ఇవాళ అందిన జీతం అరవై నాలుగు. అంత సంపాదనుంటే భృతి ఎవడిస్తాడు?"

"సగం పనికి అరవై నాలుగా?"

"ఇది పోయిన వారం పూర్తి పనికి. చెక్కు ఈ వారం వచ్చింది, వచ్చింది వచ్చినట్టే అద్దెకి పోయింది."

లీలండ్ బ్రేకు తొక్కాడు. ముక్కలన్నీ అద్దానికి కొట్టుకుని ఆమె ఒళ్లోకి రాలాయి.

"ఓసి పిచ్చితల్లీ! చెక్కు చేతికొచ్చిన వారం కాదు, ఒళ్లు వంచిన వారం లెక్క! మా మిల్లులోనూ ఇలాగే బోల్తా పడ్డాం. ఆ సున్నా చూసి నా పడవ అమ్మేసుకున్నాను నేను."

పెట్రోలు బంకు పక్కన ట్రక్కు ఆపి మళ్లీ మొదలుపెట్టారు. భృతి ముక్కలు ముప్పై మూడూ మళ్లీ స్టీరింగు ముందుకి, ఈ వారం సగం పనికి ముప్పై రెండు ముక్కలు ఆమె రుమాలు మీదికి చేరాయి.

"ఇందులో మొదటి మూడూ సర్కారు చూసీచూడనట్టు వదిలేస్తుంది," అంటూ లీలండ్ ఆ మూడింటినీ నోట్లో వేసుకున్నాడు.

"అయ్యో, నా ముక్కలు!"

"సర్కారే వదిలేసింది, నేను తింటే నీకేం? మిగిలిన ఇరవై తొమ్మిదిలో మూడింట రెండొంతులు ఎన్నో, అన్ని ముక్కలు భృతిలోంచి తీసెయ్."

ఎల్వీరా పెదాలు కదుపుతూ తీసింది. పంతొమ్మిది పోయాయి. మిగిలినవాటిని ఒకసారి లెక్కపెట్టింది, అనుమానంగా లీలండ్ బుగ్గల వంక చూసి, మళ్లీ లెక్కపెట్టింది.

"పద్నాలుగు! నూట నలభై! వాయిదా కట్టగా చేపల వేపుడుకి కూడా మిగుల్తుంది!"

"అంచనాయే సుమా. నాలుగు డాలర్లు అటూ ఇటూ."

ఆమె వింటేగా! నవ్వు పొట్టలోంచి తన్నుకొచ్చి ట్రక్కు ఊగింది. పెట్టె మూత ఎగిరింది, కాన్సర్టీనా ఒళ్లు విరుచుకుంది. అద్దం మీద వానని తుడిచే పుల్లలు తాళం వేస్తుంటే లీలండ్ స్టీరింగు మీద దరువేశాడు. గ్రీన్ బే వైపు పోవాల్సిన బండి ఎప్పుడు వెనక్కి తిరిగిందో ఇద్దరికీ తెలియదు.

శుక్రవారం చేపల వేపుడు వాసన కొడుతున్న టావెర్న్ బారు ముందు ట్రక్కు నెమ్మదించిందో లేదో, ఎల్వీరా వాయిస్తూనే దూకేసింది.

"నీ కారో? ఈ ముక్కలో?" అని అరిచాడు లీలండ్.

పాట ఆగలేదు, తల తిరగలేదు. ఆమె భుజంతో తలుపు తోసింది. లోపల కుర్చీలు వెనక్కి జరిగిన చప్పుడు వినిపించింది. తలుపు మూసుకుంది.