అమ్మ పేగు కదిలేదాకా

నా చిన్నప్పుడు మా ఇంట్లో అందరికంటే ఎక్కువగా వాదించేది నేనే. బహుశా అందుకేనేమో, పుంగనూరు నుంచి అమ్మను మదనపల్లె ఆసుపత్రికి తీసుకుపోయి, పేగు మెలిపడిందని ఆపరేషన్ చేసినప్పుడు, మంచం పక్కన కాపలాకు నన్నే కూర్చోబెట్టారు. నాకు పదేళ్లు. నాన్న మందులకూ రక్తానికీ తిరుగుతున్నాడు. అమ్మ ముక్కులో గొట్టం, చేతికి సెలైను. నేను ఏడవలేదు. భయపడినట్టు కూడా గుర్తు లేదు. చెయ్యి కిందేసుకుని పడుకుంటే తిమ్మిరెక్కుతుందే, అట్లా లోపలంతా మొద్దుబారిపోయి కూర్చున్నాను.

నా పని ఒకటే. అమ్మ నోట్లో ఎవరూ ఏమీ పోయకుండా చూడటం. ఆ పని అప్పగించింది ఊళ్లో మా పక్కింటి అక్క, ఆ ఆసుపత్రిలోనే నర్సుగా చేసేది. నేను ఆమెతోనూ వాదనకు దిగాను. ఏది మింగినా గొట్టంలో నీళ్లలాగా కిందికి జారిపోతుంది కదా, రెండు గుక్కలు పోస్తే ఏమవుతుందని.

"అట్ల జారేదయితే, పండుకొని తాగినోళ్ల నీళ్లు యాడికి పోతాయి పాపా?" అంది అక్క.

ఉతికినప్పుడు బొందు ఊడివచ్చిన అమ్మ లంగా ఒకటి సంచిలో ఉంది. అక్క బొందు కొసకు పిన్నీసు గుచ్చి, ఎక్కించమని నా చేతికిచ్చింది. పిన్నీసు వెనక గుడ్డను కుచ్చుగా నొక్కి పట్టి, ముందరి గుడ్డను సాగదీస్తే పిన్నీసు బెత్తెడు కదిలింది. మళ్లీ నొక్కాలి, మళ్లీ వదలాలి. నడుమంతా చుట్టి వచ్చేసరికి వేళ్లు నొప్పి పుట్టాయి. పేగు చేసేదీ ఇదే పనని చెప్పింది. ముద్ద వెనక బిగుస్తుంది, ముందు వదులవుతుంది. గొంతు మొదలుకొని కిందిదాకా అట్లాగే తోసుకుంటూ పోతుంది. కోత పడిన పేగు మాత్రం కొన్నాళ్లు ఆ పని మానేస్తుంది.

"అమ్మ పేగు ఇప్పుడు నిదరపోతాండాది. తోసేవాళ్లు లేనప్పుడు పోస్తే ఆడ్నే నిలిచిపోతాది. కడుపు ఉబ్బుతాది, కుట్లు తెగినా తెగుతాయి" అని, తన స్టెతస్కోపు నా చెవులకు పెట్టి అమ్మ పొట్ట మీద ఆనించింది. ఏమీ వినిపించలేదు. మనుషులు ఖాళీ చేసి పోయిన ఇల్లులా ఉంది.

మరుసటి రోజు పెద్దమ్మ గోలీసోడా తెచ్చింది. పొట్ట ఉబ్బింది గ్యాసుకేననీ, ఒక్క తేన్పు వస్తే సరిపోతుందనీ ఆమె నమ్మకం. నేను సీసా లాక్కుపోయి బాత్రూములో ఒంపేశాను. "మూరెడు లేదు, డాక్టరమ్మ అయిపోయిండాది" అని వార్డంతా వినేలా సాధించింది. నాకేమీ అనిపించలేదు. సాయంత్రం తడిగుడ్డతో అమ్మ పెదవులు అద్దుతుంటే, ఆమె ఆ గుడ్డనే చప్పరించబోయింది. లాగేసుకున్నాను.

"నువ్వు నా కడుపున పుట్టినదానివేనా మే?" అంది అమ్మ.

ఆ మాటకీ నాకు ఏడుపు రాలేదు.

డాక్టరు రోజూ వచ్చి అడిగేది ఒకటే, గాలి పోయిందా అని. అదే పేగు మేలుకున్నదానికి గుర్తు. మూడో రోజు పొద్దున అడిగితే అమ్మ గోడవైపు తిరిగి, లేదన్నట్టు తల ఊపింది. ఇంకొక రోజు చూద్దామని ఆయన కదలబోయాడు. కానీ గాలి పోయింది. తెల్లవారేటప్పుడు నేను విన్నాను. నాలుక పిడచకట్టుకుపోతున్నా సరే, పరాయి మగవాడి ముందు ఆ మాట చెప్పడానికి అమ్మకు నోరు రాలేదు.

"పొయ్యింది సార్. రెండుసార్లు. నేను ఇన్నాను" అన్నాను.

వార్డు నవ్వింది. అమ్మ దుప్పటి మొహం మీదికి లాక్కుంది. డాక్టరు పొట్ట మీద స్టెతస్కోపు పెట్టి చాలాసేపు విని, ముక్కు గొట్టం తీయించి, రెండు చెంచాల నీళ్లు ఇమ్మన్నాడు. అక్క చెంచా నా చేతికే ఇచ్చింది. అమ్మ కళ్లు మూసుకుని మింగింది. ఆమె గొంతు కదలడం, ఆగడం, మళ్లీ కదలడం చూస్తూ నిలబడ్డాను. మూడో చెంచాకు నోరు తెరిచింది. రెండే ఇమ్మన్నారని చెప్పాను. ఈసారి అమ్మ చెంచావైపు చూసి, మెల్లగా నోరు మూసుకుంది.

ఇప్పుడు మావాళ్లలో ఎవరు ఆసుపత్రిలో పడినా ఫోను నాకే వస్తుంది. మొన్న కుప్పంలో మేనమామకు ఆపరేషనయితే నేనే పోయి కూర్చున్నాను. గాలి పోయిందా అని నలుగురిలో అడిగితే ఆయన కోడళ్లు మొహాలు తిప్పుకున్నారు. సిగ్గు లేనిదంటారు, రాతిగుండె అంటారు. అననీ. సిగ్గుపడితే పేగు కదులుతుందా? ప్రాణమైనవాళ్లు చెయ్యి చాచి అడుగుతున్నా లేదని చెప్పడం నేను పదేళ్లకే నేర్చుకున్నాను. నేర్చుకున్నందుకు సంతోషం మాత్రం ఇప్పటిదాకా కలగలేదు.