ఆకుపచ్చ ట్యాగ్ మీద రాకుమారుడి సంతకం

2016 అక్టోబరులో నన్ను ఖతార్ ఉత్తర కొసన ఉన్న అల్ రువైస్‌కు సేఫ్టీ ఆఫీసరుగా వేశారు. చిన్న రేవు పక్కన గిడ్డంగులు కడుతున్నారు. అప్పటికి ఆ దేశంలో నాకు పదకొండేళ్ళ సర్వీసు. సేఫ్టీ ఆఫీసరు హోదాలో సైట్ ఇంజనీరుకు సమానం, పలుకుబడిలో ఫోర్‌మన్ కంటే తక్కువ. పని ఆపాలని కాగితం మీద రాయగలడు. ఆపించడం వేరే సంగతి.

ఆ సైటులో స్కాఫోల్డింగ్ తనిఖీకి ఒక జర్మన్ వచ్చేవారు. పేరు ఆల్బర్ట్, వయసు యాభై దాటింది. స్కాఫోల్డింగ్ అంటే మన తాపీ మేస్త్రీలు పరంజా అనేదే, కాకపోతే ఇనుప పైపులతో కడతారు. దాన్ని పరీక్షించి, ఎక్కవచ్చు అనుకుంటే ఆకుపచ్చ ట్యాగ్, వద్దనుకుంటే ఎర్ర ట్యాగ్ తగిలించే అధికారం ఆ ఇన్‌స్పెక్టరు ఒక్కరిదే. ఆకుపచ్చ ట్యాగ్ వారం రోజులు చెల్లుతుంది.

ఆల్బర్ట్ పాస్‌పోర్టులో ఇంటిపేరుకు ముందు రాకుమారుడు అని అర్థం వచ్చే మాట ఉండేది. ఆయన ముత్తాత జర్మనీలో ఒక చిన్న సంస్థానాన్ని ఏలాడు. మొదటి ప్రపంచ యుద్ధం చివర రాచరికం కూలినప్పుడు గద్దె దిగాడు. తర్వాత వచ్చిన ప్రభుత్వం బిరుదులకున్న హక్కులన్నీ తీసేసి, ఆ మాటను మాత్రం ఇంటిపేరులో భాగంగా ఉంచుకోనిచ్చింది. తాతకు కోటలో రెండు గదులు మిగిలాయట. తండ్రి ట్రాక్టర్లు అమ్మే కంపెనీలో ఉద్యోగం చేశాడట. ఈయన పదిహేడో ఏట పైపులు బిగించే పనిలో చేరి, పరీక్షలు రాసి ఇన్‌స్పెక్టరయ్యారు. దోహాలో ఓల్డ్ ఎయిర్‌పోర్ట్ ప్రాంతంలో, నలుగురు పంచుకున్న విల్లాలో ఒక గదిలో ఉండేవారు.

ఇవన్నీ మా పోర్టాకాబిన్‌లో, అంటే సైటులో ఆఫీసుగా పెట్టిన రేకుల గదిలో, టీ తాగుతూ నేను అడిగి చెప్పించుకున్నవి. మా గోదావరి వైపు జమీందారీలు పోయి ఇన్నేళ్ళయినా మనవళ్ళను రాజాగారనే పిలవడం చూసినవాణ్ణి కనుక నాకు ఆ సంగతులంటే కుతూహలం. ఒకసారి సరదాకి నేనూ ప్రిన్స్ అని పిలిచాను. ఆయన నవ్వలేదు.

"మా ముత్తాత చూడనివాటికి సంతకాలు పెట్టి బతికాడు. జనం పంపించేశారు. నేను చూసినదానికే పెడతాను," అన్నారు.

ప్రాజెక్ట్ మేనేజరుకు మాత్రం ఆ ఇంటిపేరు అడగకుండా దొరికిన వరం. సైటు చూడడానికి ఎవరొచ్చినా ముందు ఆల్బర్ట్‌ని చూపించి, మా స్కాఫోల్డింగ్‌ను యూరప్ రాజవంశీకుడు పరీక్షిస్తాడని చెప్పేవాడు. వచ్చినవాళ్ళు లేచి నిలబడేవారు, ఫోటోలు దిగేవారు. నోటీసు బోర్డు మీద ఆయన పేరుకు ముందు హిజ్ హైనెస్ అని అచ్చువేయించి అంటించారు. ఆల్బర్ట్ రెండుసార్లు పీకేశారు. మేనేజరు మూడోసారీ అంటింపజేశాడు.

ఒక మంగళవారం ఆయన రెండో గిడ్డంగి తూర్పు గోడ స్కాఫోల్డింగ్‌కు ఎర్ర ట్యాగ్ వేశారు. బేస్ ప్లేట్లు, అంటే పైపుల కింద బరువు మోసే ఇనుప బిళ్ళలు, వదులు ఇసుక మీద ఉన్నాయి. గోడకు బిగించాల్సిన అడ్డ పైపులు మూడు లేవు. సరిచేయడానికి రెండు రోజులు పడుతుందని రాసిచ్చారు. గురువారం క్లయింట్ తరఫువాళ్ళు వస్తున్నారు, అప్పటికి ఆ గోడ ప్లాస్టరింగ్ సాగుతూ కనిపించాలని మేనేజరు పట్టు.

గురువారం పొద్దున ఆరింటికి నేను రౌండ్‌కు వెళ్ళేసరికి అక్కడ ఆకుపచ్చ ట్యాగ్ వేలాడుతోంది. దాని మీద బుధవారం తేదీ, ఆల్బర్ట్ పూర్తి పేరు, బిరుదుతో సహా, కింద సంతకం. బుధవారాలు ఆయన దోహాలో వేరే సైటు చూస్తారని నాకు తెలుసు. తన పేరులో ఆ మాట ట్యాగ్ మీద ఎన్నడూ రాయరని కూడా తెలుసు. తెలిసీ, ఆ పేరు చూసి ముందుకు నడిచాను. కిందికి వంగి ఇసుక చూడలేదు. ఇన్నేళ్ళ తర్వాత ఈ వాక్యం రాస్తుంటే ఒళ్ళు మండుతోంది, మేనేజరు మీద ఎంతో నా మీదా అంతే.

ఏడున్నరకు ఆ స్కాఫోల్డింగ్ వరస ఇసుకలోకి దిగబడి పక్కకు ఒరిగింది. పైన ఉన్న ముగ్గురిలో ఇద్దరు గోడ పట్టుకుని నిలబడ్డారు. మూడోవాడు గంగారాం, నిర్మల్ జిల్లావాడు, ప్లాస్టరింగ్ మేస్త్రీ. నాలుగు మీటర్ల ఎత్తు నుంచి పైపులతో పాటు పడ్డాడు. తుంటి ఎముక విరిగింది.

ప్రమాదం జరిగిన రోజే రిపోర్టు పంపాలి. సేఫ్టీ ఆఫీసరు, ఇన్‌స్పెక్టరు, మేనేజరు ముగ్గురూ సంతకం చేయాలి. మధ్యాహ్నానికే మేనేజరు దాన్ని టైపు చేయించి ఉంచాడు. కారణం అన్న చోట, కార్మికుడు సేఫ్టీ బెల్టు హుక్కు తగిలించుకోలేదు అని ఉంది. గంగారాం వాంగ్మూలం తీసుకోకుండా సంతకం చేయనని చెప్పి ఆసుపత్రికి వెళ్ళాను. అతను మెలకువగానే ఉన్నాడు.

"హుక్కు ఏసిన సార్. నేను ఏ పైపుకేసిన్నో ఆ పైపే నాతోని కిందికొచ్చింది," అన్నాడు.

ఆ మాట రాసుకుంటుండగా అతని భార్య ఫోన్ చేసింది. దుబాయ్‌ల మంచి డాక్టర్లుంటరా సార్ అని నన్నడిగింది. ఇది దుబాయ్ కాదని సరిదిద్దడానికి నోరు రాలేదు. ఉంటారమ్మా అన్నాను.

తిరిగొచ్చేసరికి ఆల్బర్ట్ దోహా నుంచి వచ్చి కూలిన పైపుల మధ్య నిలబడి ఉన్నారు. చేతిలో ఆ ఆకుపచ్చ ట్యాగ్. అది తన సంతకం కాదని చెబుతారనుకున్నాను. ఆయన చెప్పింది అది కాదు.

"ఇది పొద్దున మీరు చూశారా?"

చూశానన్నాను.

"నా పేరు చూసి ఆగిపోయారా? కింద నేల చూడలేదా?"

గొంతు పెంచలేదు. తర్వాత ఆయన నన్ను కూలిన చోటికి తీసుకెళ్ళి ఒక పైపు చూపించారు. దాన్ని కరిచి పట్టుకుని గంగారాం బెల్టు హుక్కు ఇంకా ఉంది. గంగారాంను బయటికి తీసేటప్పుడు బెల్టు తాడు కోసేశారు కాబట్టి దాని చివర మాత్రమే వేలాడుతోంది. ఫోటోలు తీశాను. ఎర్ర ట్యాగ్ నకలు ఆయన ఫైల్లో ఉంది.

మేనేజరు గదిలో మాట ఎక్కువసేపు సాగలేదు. మీలాంటి కుటుంబాలవాళ్ళకు పరువు విలువ తెలుసు కదా, యువర్ హైనెస్, అంటూ మొదలుపెట్టాడు. ఆల్బర్ట్ టైపు చేసిన రిపోర్టును అడ్డంగా కొట్టేసి, వెనక వైపు చేత్తో రాయడం మొదలుపెట్టారు. మీ కాంట్రాక్టు సంగతి ఆలోచించుకోండని మేనేజరు అన్నాడు.

"మా ఇంట్లో ఒక దేశమే పోయింది. ఈ కాంట్రాక్టు ఎంత?" అని రాయడం ఆపకుండా అన్నారాయన.

ఆ కాగితం మీద ఆయన తర్వాత నేను సంతకం చేశాను. పొద్దున నకిలీ ట్యాగ్ చూసి కూడా పని ఆపలేదని నా తప్పునూ రాశాను. మేనేజరు సంతకం లేకుండానే ఫోటోలు, గంగారాం వాంగ్మూలం జతచేసి క్లయింట్ తరఫు కన్సల్టెంటుకు పంపాం.

ప్రమాదానికి కార్మికుడు కారణం కాదని తేలింది. గంగారాంకు ఆపరేషన్ జరిగి, చట్టప్రకారం రావలసిన పరిహారం వచ్చింది. నాలుగు నెలల తర్వాత కర్రతో నడుస్తూ ఇంటికి పోయాడు, మళ్ళీ పరంజా ఎక్కలేదు. ఆల్బర్ట్ కాంట్రాక్టును పొడిగించలేదు. నన్ను కార్మికుల క్యాంప్‌లో అగ్నిమాపక సిలిండర్లు చూసే డ్యూటీకి మార్చారు. నకిలీ ట్యాగ్ ఎవరు రాశారో ఎవరూ విచారించలేదు. మేనేజరును ఇంకో పెద్ద సైటుకు పంపారు. అక్కడా ఆఫీసు గోడ మీద ఆల్బర్ట్ పక్కన నిలబడిన ఫోటో పెట్టుకున్నాడని విన్నాను.

రెండేళ్ళకు నన్ను మళ్ళీ సైటుకు వేశారు. రిటైరయ్యేదాకా నా పద్ధతి ఒకటే. ముందు మోకాళ్ళ మీద కూర్చుని బేస్ ప్లేట్లు చూసేవాణ్ణి. ట్యాగ్ మీద ఎవరి పేరుందో లేచాక చదివేవాణ్ణి.