పాల్వంచ అడవి దారిలో సమ్మక్క పులుసు, మా ఇంటి గోంగూర

రోడ్డు పక్క హోటళ్ళ గురించి ఈ బ్లాగులో రాయడం మొదలుపెట్టి చాలాకాలమైంది. ముదిగొండ దగ్గర మిర్చి బజ్జీల బండి నుంచి తిరుమలాయపాలెం దారిలో జొన్నరొట్టెల పాక దాకా, ఎవరు ఎక్కడ బాగా తిన్నామన్నా వెళ్ళి, తిని, వచ్చి మీకు చెప్పాను. అలాంటి నాకు, పాల్వంచ దాటాక అడవి దారిలో అంత మంచి భోజనం దొరుకుతుందని చెప్పకుండా దాచిన మనిషి మా ఇంట్లోనే ఉన్నాడు. దాచారనడం న్యాయం కాదేమో. మావారు ఏదీ దాచరు. ఏదీ చెప్పరు, అంతే. పంపుసెట్ల కంపెనీలో ఉద్యోగం కాబట్టి నెలకు రెండు మూడుసార్లు భద్రాచలం వైపు వెళ్ళొస్తుంటారు. ఇంట్లో ఏం పెట్టినా తల వంచుకుని తింటారు. “ఉప్పు సరిపోయిందా?” అంటే “ఊఁ”. “కూర బాగుందా?” అన్నా అదే “ఊఁ”. అలాంటి మనిషి మొన్నొక ఆదివారం నేను చేసిన చేపల పులుసు సగం తిన్నాక, ఎవరూ అడక్కుండానే, “సమ్మక్క దగ్గర ముక్క ఇలా విరగదు” అన్నారు. అనేసి మళ్ళీ తల వంచుకున్నారు.

“సమ్మక్క ఎవరండీ?”

“హోటల్. పాల్వంచ దాటాక.”

“ఎన్నాళ్ళ నుంచి తింటున్నారు అక్కడ?”

“మూడేళ్ళ పైనే అయ్యుంటుంది.”

నాకు ఎక్కడ గుచ్చుకుందో చెప్పడం కష్టం. ముక్క విరిగిందన్నందుకు కాదు, విరిగిన మాట నిజమే. అడక్కుండా మాట్లాడారే, అది. ఇన్నేళ్ళ కాపురంలో నా వంట గురించి ఒక్కసారైనా తనంతట తాను నోరు విప్పని మనిషి, నా ముందు కూర్చుని, నా పులుసు తింటూ, ఇంకొకరి పులుసు గురించి నోరు విప్పారు. నలభై దాటినదానివి, ఎం.ఏ. చదివినదానివి, కాలేజీలో పాఠాలు చెప్పేదానివి, ముక్కూమొహం తెలియని వంటావిడ మీద ఈ కుళ్ళేమిటని నన్ను నేనే తిట్టుకున్నాను. తిట్టుకుంటే పోలేదు. ఆమె పులుసులో ఏముందో, ఆమె దగ్గర ఈయనకు ఏముందో చూడకుండా నాకు తిండి సయించేలా లేదు. “శనివారం నన్నూ తీసుకెళ్ళండి, బ్లాగులో రాస్తాను” అన్నాను. బ్లాగు కోసమే అన్నానా? ఇప్పటికీ నాకు అనుమానమే.

ఖమ్మంలో ఆరు దాటాక బయలుదేరాం. వైరా, తల్లాడ, జూలూరుపాడు మీదుగా కొత్తగూడెం. చలికాలం కావడంతో తల్లాడ దాటేదాకా పొలాల మీద మంచు తెరలాగా ఉంది, కారు మెల్లగా నడపాల్సి వచ్చింది. కొత్తగూడెంలో బండి దగ్గర టీ తాగి, టిఫిన్ మాత్రం మానేశాం. అది మావారి సలహా. “కడుపు ఖాళీగా పెట్టుకో” అన్నారు. నేను ఉప్మా చేస్తానన్న రోజు కూడా ఇంత శ్రద్ధగా ఏ సలహా ఇవ్వలేదు. పాల్వంచ చేరేసరికి రాత్రి షిఫ్టు దిగినవాళ్ళు క్యారేజీలు ఊపుకుంటూ కాలనీల వైపు నడుస్తున్నారు, కంపెనీ బస్సులు రోడ్డుకు అడ్డంగా ఆగి ఉన్నాయి. అది దాటాక పెద్దమ్మ గుడి, ఆ తర్వాత టేకు చెట్లు రెండు పక్కలా దగ్గరకొస్తాయి. అక్కడి నుంచి కాసేపు వెళ్ళాక ఎడమ చేతి వైపు ఒక రేకుల షెడ్డు. బోర్డు లేదు. ముందు ఒక నీలం డ్రమ్ము, పక్కన కట్టెల మోపులు. బస్సులో వచ్చేవాళ్ళు ఖమ్మం నుంచి భద్రాచలం వెళ్ళే ఏ బస్సైనా ఎక్కొచ్చు. కండక్టరుతో సమ్మక్క హోటల్ అంటే చాలు, ఆపుతారు.

ఇక్కడొక పద్ధతి ఉంది. భద్రాచలం వెళ్ళేటప్పుడే ఆగి ఎంతమందో చెప్పిపోవాలి. తిరిగొచ్చేటప్పుడు తినాలి. చెప్పకుండా మధ్యాహ్నం దిగితే పప్పూ మజ్జిగే దొరుకుతాయి. మావారు కారు దిగకుండానే అద్దం దించి హారన్ కొట్టారు.

లోపలి నుంచి గొంతు వచ్చింది. “ఎందరు?”

“ఇద్దరం, అక్కా!”

“ఇద్దరా? ఎవరిని తోల్కచ్చినవు సారూ?”

“మా ఇంటామెను!”

ఆమె కొంగుకు చేతులు తుడుచుకుంటూ బయటికొచ్చింది. యాభై దాటిన పొట్టి మనిషి, పెద్ద బొట్టు, చెవులకు కమ్మలు. నన్ను జడ నుంచి చెప్పుల దాకా ఒకసారి చూసింది. “ఓ, గీ అమ్మేనా!” అని నవ్వీ నవ్వనట్టు నవ్వింది. “ఒంటిగంట వరకు రండ్రి. చేపనా, కోడా?”

“చేప” అన్నారు మావారు, నన్నడక్కుండా.

కారు కదిలాక అడిగాను. “గీ అమ్మేనా అంటే ఏమిటండీ? నా గురించి ఆమెతో ఏం చెప్పారు?”

“నేనా? ఏం చెప్పలేదే” అన్నారు.

సారపాక దాటి వంతెన ఎక్కితే గోదావరి. శనివారం కాబట్టి దర్శనానికి గంటకు పైనే పట్టింది. ప్రత్యేక దర్శనం టికెట్ తీసుకుంటే త్వరగా అవుతుంది గానీ, పన్నెండు లోపల బయటపడాలంటే పొద్దున్నే చేరుకోవడమే మేలు. క్యూలో నిలబడి రాముడి మీద మనసు పెట్టాలని చాలా ప్రయత్నించాను. లోపల మాత్రం గీ అమ్మేనా, గీ అమ్మేనా అని అదే తిరుగుతోంది. లావుగా ఉన్నాననా? పులుసు సరిగా రానిది ఈవిడేనా అనా? ఘాట్ మెట్ల మీద కూర్చుని నీళ్ళు చూస్తున్నా అదే గొడవ. మావారు పక్కనే వేరుశెనగలు తింటూ హాయిగా ఉన్నారు.

ఒంటిగంటకు ముందే తిరిగొచ్చాం. నాలుగు బల్లలు. ఒకదాని దగ్గర ఒక కుటుంబం, మా ఎదురుగా ఒక లారీ డ్రైవరు. పక్క గూడెం ఆడవాళ్ళు కుట్టిచ్చే అడ్డాకు విస్తర్లు పరిచారు. వేడి అన్నం, పప్పు, గోంగూర పచ్చడి, బొచ్చె చేప పులుసు. మొదటి ముద్ద తిన్నాను. బాగుంది. ఈ రెండక్షరాల మాట... అక్షరాలెన్నైతేనేం, రాయడానికి నాకు చెయ్యి రావడం లేదు. బాగుంది. పులుపు ముందు రాదు, మింగాక వస్తుంది. మెంతి వాసన ఉండీ లేనట్టుంది. ముక్క అంచులు కూడా చెదరలేదు.

అంతకంటే పెద్ద వింత నా పక్కన జరుగుతోంది.

“సమ్మక్కా! ఇంకో ముక్క! తోకది గాదు, నడుమది!” అని అరుస్తున్నది మావారు.

“నడుమది నీకే తీసి పెట్టిన, లొల్లి చెయ్యకు!”

“పులుసు గింతేనా? గుంట చేసిన చూడు, నింపు!”

“నింపుత, నింపుత. చెరువనుకున్నవా అది?”

బల్లలన్నీ నవ్వాయి. మాది ఆంధ్ర సరిహద్దులో మధిర వైపు నుంచి వచ్చిన కుటుంబం, ఇంట్లో అండీ, గారూ తప్ప వినపడవు. ఈయనకు ఈ గొంతు ఉందని, ఈ భాష వచ్చని, పదిమందిని నవ్వించగలరని నాకు ఎవరు చెప్పాలి? ఇక్కడ ఒక మనిషిని వదిలిపెట్టి, ఇంటికి ఇంకో మనిషిని తెస్తున్నారన్నమాట.

సమ్మక్క పులుసు గిన్నెతో నా దగ్గరకొచ్చింది. నేను విస్తరి మీద చెయ్యి అడ్డంపెట్టి “చాలు, చాలు” అన్నాను. ఆమె గిర్రున తిరిగి వెళ్ళిపోయింది. నిజానికి చెయ్యి పూర్తిగా అడ్డంపెట్టలేదు, గరిటె వంపడానికి వీలుగా వేళ్ళు కాస్త ఎడంగానే ఉంచాను. మీకు తెలుసుగా, మన ఇళ్ళల్లో మొదటి చాలు లెక్కలోకి రాదు. రెండోదానికి సగం గరిటె పడుతుంది. మూడోసారి వడ్డించేవాళ్ళు “భలేవారే” అంటే అప్పుడు చెయ్యి తీస్తాం. కాసేపటికి అన్నం తెచ్చింది. “అయ్యో, వద్దండీ” అన్నాను. అన్నం కూడా వెళ్ళిపోయింది. ఆ తర్వాత నా వైపే చూడలేదు. పక్క బల్ల పిల్లలకు వేసింది, డ్రైవరుకు వేసింది, మావారికి మూడోసారి పోసింది. నా విస్తరిలో పులుసు తడి ఆరిపోయిన అన్నం రెండు ముద్దలు మిగిలాయి. కావాలనే చేస్తోందని రూఢి చేసుకున్నాను. ఆయనకు నడుం ముక్క, నాకు ఒట్టి అన్నం. కళ్ళల్లో నీళ్ళు తిరిగితే కారం అన్నట్టుగా మంచినీళ్ళు తాగాను.

ఎదురుగా ఉన్న డ్రైవరు నా విస్తరి చూశాడు. “ఈడికి కొత్తనా మేడం?”

“అవునండీ.”

“గందుకే. ఈడ చాలు అనొద్దు మేడం. అన్నరంటే మల్ల మీ దిక్కు చూడదు. మొదటిసారి నేను గట్లనే మర్యాదకు చాలు చాలు అని, సత్తుపల్లి దాంక ఆకలితోటి లారీ తోలిన.”

సమ్మక్క పొయ్యి దగ్గర్నుంచి వినేసింది. “మరేంది? చాలన్నోళ్ళకు బలిమిటికి పెడ్తనా? ఇంత అన్నం పారబోసుడు నాతోటి గాదు. నోరున్నది గదా, అడగాలె.”

నేను మావారి వైపు తిరిగాను. “మీకు తెలుసు కదా, నాకు చెప్పొచ్చుగా?”

ఆయన ముద్ద ఆపి, నిజంగానే ఆశ్చర్యపోతూ చూశారు. “నువ్వు నిజంగానే చాలన్నావనుకున్నాను.”

అంటే, పండక్కి చీర కొందామంటే ‘నాకెందుకండీ’ అన్నప్పుడు, ఒంట్లో బాగోలేదేమిటి అంటే ‘ఏం లేదు’ అన్నప్పుడు, వంట బాగుందో లేదో ‘చెప్పకపోయినా పర్లేదులెండి’ అన్నప్పుడు కూడా ఈ మనిషి నిజమే అనుకున్నారా? అనుకునే ఉంటారు. అబద్ధమని తెలిసీ ఊరుకున్నారనుకోవడం కంటే అది నయమో కాదో తేల్చుకోలేకపోయాను.

“సమ్మక్కా, పులుసు!” అన్నాను. క్లాసులో వెనక బెంచీకి వినపడే గొంతు వచ్చింది. పక్క బల్ల పిల్లలు ఉలిక్కిపడ్డారు.

“గట్ల అడుగు!” అంటూ వచ్చి, విస్తరి నిండా పోసింది. “తల తింటవా?”

“తింటాను.”

మావారు మొదటిసారి తన విస్తరి వదిలేసి నా విస్తరి వైపు చూశారు.

చేతులు కడుక్కోవడానికి నీలం డ్రమ్ము దగ్గరికి వెళ్తే సమ్మక్క వెనకే వచ్చింది. “అమ్మా, ఒకటడుగుత, ఏమనుకోకు. మీ గోంగూర పచ్చడిల ఏమేస్తవు?”

“ఎందుకు?”

“నా పచ్చడి అందరు నాకి నాకి తింటరు. గీ సారొక్కడు ముట్టడు. వచ్చిన కాడికెల్లి చూస్తున్న, ఆకు మీద పెట్టింది పెట్టినట్టే ఉంటది. ఏంది సారూ అంటే, మా ఇంట్ల గోంగూర తిన్నంక ఇంకోటి తినబుద్ధి గాదక్కా అంటడు. నాకు మండదా చెప్పు? పొద్దుగాల నిన్ను చూసి, ఓ, గా పచ్చడి చేసేది గీ అమ్మేనా అనుకున్న.”

నేను పొంగిపోయాననే రాయాలి. పొంగిపోయాను కూడా, జగ్గులో నీళ్ళు అయిపోయేంతసేపు. ఆ వెంటనే, ఆ మాట అనాల్సింది నాతో కదా, ఈమెతో అన్నారేమిటని మళ్ళీ మొదలైంది. మా ఇద్దరిలో ఒకరి వంట గురించి ఇంకొకరి దగ్గర మాట్లాడటం ఈయనకు అలవాటు కాబోలు. ఎవరి ముందు వాళ్ళ వంట మాత్రం ‘ఊఁ’.

“మీ పులుసు ఎలా చేస్తారో చెప్పండి, నేను పచ్చడి చెబుతాను” అన్నాను.

చెప్పింది. పొద్దున లెక్క చెప్పించుకునేది ఇందుకేనట. పులుసు ఉదయాన్నే దించేసి, మధ్యాహ్నం దాకా మూత తియ్యదు. ముక్క గట్టిపడి పులుపు పట్టుకుంటుంది. గరిటె పెట్టకుండా కుండనే తిప్పుతుంది. నేనూ చెప్పాను. ఎర్ర గోంగూర, ఎండుమిరపకాయలు, ధనియాలు, వెల్లుల్లి, నూనె ఎంత, ఉప్పు ఎప్పుడు, అన్నీ. ఒక్కటి తప్ప. అదేమిటో ఇక్కడ కూడా రాయను, మీలో ఎవరో ఒకరు వెళ్ళి ఆమెకు చెప్పేస్తారు.

ఆ పై ఆదివారం ఇంట్లో పులుసు పొద్దున్నే చేసి, మధ్యాహ్నం దాకా మూత తీయలేదు. ముక్క విరగలేదు. రుచి మాత్రం అది కాదు. అక్కడి కిన్నెరసాని ఏటి చేపకూ ఖమ్మం మార్కెట్ చేపకూ ఉన్న తేడానో, కట్టెల పొయ్యి మహిమో, లేక ఆమె కూడా నాలాగే ఒకటి మింగేసి మిగతావి చెప్పిందో తెలియదు. నాకైతే మూడోదే అనిపిస్తోంది. ఆ రోజు నేను కొసరి కొసరి వడ్డించలేదు. గిన్నె నా ముందు పెట్టుకుని కూర్చున్నాను. ఆయన తిన్నారు, అటూ ఇటూ చూశారు, గిన్నె వైపు చూశారు, నా వైపు చూశారు. చాలాసేపటికి “పులుసు” అన్నారు. సమ్మక్క దగ్గర అరిచే గొంతు కాదది, ఆఫీసులో పెన్ను అరువడిగే గొంతు. అయినా అడిగారు. నేను పోశాను. ఈ చిన్న గొంతు నాకు వినిపించిందిగానీ, ఆ పెద్ద గొంతు ఇంకా అడవి దారిలోనే ఉంది, వారం మధ్యలో మళ్ళీ అక్కడికే వెళ్తుంది. ఆ కుళ్ళు ఇంకా పోలేదు. పోనీలే, మొహమాటం ఒక్కరోజులో ఎవరిని వదిలింది, నన్నైనా ఆయన్నైనా?

వెళ్ళాలనుకునేవాళ్ళకు రెండే రెండు సలహాలు. తొమ్మిది లోపల ఆగి మనుషుల లెక్క చెప్పండి, తినేటప్పుడు కడుపు నిండేదాకా చాలు అనకండి. ఇంకొకటి సలహా కాదు, సాయం. అక్కడి గోంగూర పచ్చడి తిని, ఎలా ఉందో కింద కామెంట్లలో రాయండి. బాగోకపోతేనే రాయండి. బాగుంటే ఊరుకోండి, నేను అర్థం చేసుకుంటాను.