ఆపరేటర్ బాబాయి ఆపేసిన చోటు

మా పక్కింటి బాబాయి పోయాడని కబురొచ్చేసరికి నేను వైరా బడిలో పిల్లలకు పద్యం చెబుతున్నాను. సగంలో ఆపేసి మా ఊరు ఏన్కూరుకు బస్సెక్కాను.

బాబాయి మిలిటరీలో యుద్ధం చూసి వచ్చినవాడు. ఆ తర్వాత బతుకంతా మా ఊరి సినిమా హాల్లో ఆపరేటరే. ప్రొజెక్టర్ గది అగ్గిపెట్టెంత. లోపల వెలుగు కోసం మండే కార్బన్ కడ్డీలను మాటిమాటికీ సరిచేస్తూ ఉండాలి కాబట్టి, ఆట మొదలైతే కదలడానికి లేదు. "ఈ అర్రలకెల్లి నేను బైటికొస్తే తెర మీద చీకటే, టీచరమ్మా" అని నవ్వేవాడు. నాకు మాత్రం నవ్వొచ్చేది కాదు.

ఆయన కవిత రాసేవాడు. ఒక్కటే కవిత. యుద్ధంలో పక్కనున్న కుర్రవాడు మంచినీళ్ళడుగుతాడు, ఈయన సీసా మూత తీస్తాడు. అక్కడితో సరి. టీచర్ బుద్ధి ఎక్కడికి పోతుంది? ముగింపు రాయమని ఏళ్ళ తరబడి ఆయన ప్రాణం తీశాను. "రాస్త తియ్" అనేవాడు, మొహం తిప్పుకుని.

ఒక వేసవిలో యుద్ధం సినిమా వచ్చింది. బీడీల తునికాకు కోతలయ్యాక జనం అడవి పల్లెల నుంచి ట్రాక్టర్లలో దిగేవారు. వారాల తరబడి ఆడింది. బాబాయి చిక్కి సగమయ్యాడు. సెలవు పెట్టమంటే "ఇంకో ఆపరేటర్ ఏడున్నడు?" అన్నాడు. ఆ సినిమాలో హీరో తమ్ముడు సీసాతో పరుగెత్తుతుండగానే బొమ్మ ఎగిరి పాట వచ్చేసేది. జనం ఈలలేసేవారు, ఓనర్ తిట్టేవాడు. "ప్రింటు అరిగింది సార్" అనేవాడు బాబాయి.

మరుసటి ఏడు అదే సినిమా టీవీలో చూశాను. పాటకు ముందు ఆ తమ్ముడు చనిపోతాడు. పొద్దున్నే వెళ్ళి నిలదీశాను.

"ఏంది బాబాయ్, ఆ పిల్లగాడు సచ్చిపోతడు గదా?"

"అవ్. దినానికి మూడుసార్లు వాన్ని నేనే సంపాల్నా?"

ఆ తర్వాత ముగింపు సంగతి నేనెత్తలేదు. ముందే ఎత్తకుండా ఉండాల్సింది.

పదకొండో రోజు పిన్ని ఆయన నోటు పుస్తకం నా చేతిలో పెట్టింది. "నువ్వన్న పూర్తి చెయ్ బిడ్డా. అచ్చుల చూసుకుంట."

తెరిచాను. సీసా మూత తీసిన వాక్యం కింద జానెడు ఫిల్ము ముక్క అంటించి ఉంది. కిటికీ దగ్గర వెలుతురుకు పట్టి చూశాను. ప్రతి గడిలోనూ ఆ పిల్లవాడే. మోకాళ్ళు వంగుతున్నాయి. ఇంకా కింద పడలేదు.