ఆటకు రాని చాచా

మన గోడాదరా మగ్గాల పేట మిత్రులారా, కరోనా వార్డులో ఉన్న మన ఛాయ్ దుకాణం ఇరానీ చాచాకు బట్టలు తీసుకెళ్దామని ఆయన పెట్టె తెరిస్తే మన బాస్కెట్‌బాల్ కనబడింది. ఆ రబ్బరు వాసన గుర్తుందా? మన నాయనలు మరమగ్గాల దారంతో చీర నేసినంత దగ్గరగా బుట్టకు వల అల్లితే బంతి అందులోనే చిక్కుకుంది!

ఇరాన్‌లో తన చిన్న ఊరి క్లబ్బు పద్ధతినే చాచా మనకూ పెట్టాడు. ఒక్కడు రాకపోయినా బంతి ఇచ్చేవాడు కాదు. మన దగ్గర నేర్చిన తెలుగులోనే, "రాజు ఏడి? పోయి చూసి రాండ్రి, గప్పుడే ఆట" అనేవాడు. నాకు జ్వరమొస్తే జట్టంతా మా గదిలో దిగింది. "గింతమందికి ఛాయ్ యాడికెల్లి పోయాలె బిడ్డా?" అని తిడుతూనే అమ్మ పొయ్యి వెలిగించింది.

తప్పిపోయిన ఒక్క గొర్రె కోసం మందను విడిచి వెళ్ళిన కాపరి వాక్యం నేను తర్వాత సువార్తలో చదివాను. కాపరిని మాత్రం ముందే చూశాను.

ఈరోజు రానివాడు ఆయనే. ఆసుపత్రి గేటు దగ్గర నన్ను ఆపేశారు. "క్యా లగ్తా హై తేరా?" అన్నాడు కాపలావాడు. నాకేమవుతాడని చెప్పను? ఆయనకిక్కడ రక్తసంబంధమే లేదు.

సోదరులారా, ప్రార్థిస్తున్నామని రాసి చేతులు దులుపుకోకండి! వార్డుకు ఫోన్ చేయండి. విసుక్కుంటే మళ్ళీ చేయండి. ఎవరో ఒకరు ఆ మంచం దగ్గరికి పోయి, "నీ కోసం అడుగుతున్నారు" అని ఆయన చెవిలో చెప్పేదాకా చేయండి.