బావ చేతికిచ్చిన అప్పీలు

కాలువ పనుల కొలతలు నాకెవరూ నేర్పలేదు. గట్ల మీద టేపు పట్టుకుని నేనే నేర్చుకున్నాను. ఆ కొలతల్లోనే తేడా ఉందని నన్ను సస్పెండ్ చేశారు. ఆ సాయంత్రం అప్పీలు రాసుకుంటుంటే మా పైఅధికారి అరసవల్లిలోని మా ఇంటికి వచ్చాడు. వరసకి బావ.

“అప్పీలెడితే పైవోళ్లకి కోపమొస్తాది బావా. నానున్నాను కదా, సూసుకుంతాను,” అన్నాడు. మా ఆవిడ చేసిన చేపల పులుసు అడిగి మరీ వేయించుకున్నాడు. నేను కాగితం మడిచి బీరువాలో పెట్టేశాను.

నెలలు గడిచినా ఉద్యోగం తిరిగి రాలేదు. హైకోర్టుకి వెళ్లాను. అప్పీలుకి అవకాశం ఉన్నా వాడుకోకుండా నేరుగా కోర్టుకెక్కాడని ఆఫీసు తరఫున జవాబు వేశారు. దాని కింద సంతకం బావది. ముందు అప్పీలు చేసుకోమని జడ్జిగారు పంపేశారు.

అప్పీలు కూడా పైఅధికారి ద్వారానే వెళ్లాలి. శ్రీకాకుళం ఆఫీసుకి వచ్చి బావ టేబుల్ మీదే పెట్టాను. గడువు దాటిపోయింది కనక ఆలస్యానికి కారణం రాయాలి; ఆ చోటు మాత్రం ఖాళీగా వదిలేశాను.

అతను చదివి, గుమాస్తాలందరికీ వినబడేలా అడిగాడు. “ఇంత లేటెందుకైందో రాయనేదేటి బావా?”

“అది మీకు తెలుసు సార్,” అన్నాను. “రసీదు ఇప్పించండి.”